తెరచాటు గళము: ఘంటసాల వెంకటేశ్వరరావు జీవితము

చలనచిత్రము చూచి ఇంటికి మరలు ప్రేక్షకుడు నాయకుని ముఖమును మనస్సున నిలుపుకొని పోవును. దారిలో అతని నోట తిరుగుచుండు పాట మాత్రము ఆ నాయకునిది కాదు. తెరపై పెదవి కదలించినవారు ఒకరు, కంఠమెత్తి పాడినవారు మరియొకరు. నటుని చిత్రము గోడపత్రికపై పెద్దదిగా అచ్చు పడును. గాయకుని పేరు చిత్రారంభమున పదిమంది పేర్ల నడుమ ఒక్క క్షణము కనిపించి మాయమగును. ఈ తెరచాటు కళాకారులలో తెలుగువారికి అత్యంత ఆత్మీయులై, ముఖము కంటె కంఠము వలననే ఇంటింటివారైన మహానుభావులు ఘంటసాల వెంకటేశ్వరరావుగారు.

ఆయన 1922వ సంవత్సరము డిసెంబరు 4వ తేదీన కృష్ణా జిల్లా గుడివాడ తాలూకా చౌటపల్లి గ్రామమున జన్మించినారు. తండ్రి సూర్యనారాయణగారు, తల్లి రత్నమ్మగారు. తండ్రి మృదంగము వాయించుటలో నేర్పరి. నారాయణతీర్థుల తరంగములను భక్తితో పాడెడివారు. భజన గోష్ఠులకు వెళ్ళునపుడు కుమారుని భుజముపై ఎత్తుకొని పోవుటయు, ఆయన పాడుచుండగా బాలుడు తరంగములకు నృత్యము చేయుటయు ఆ ప్రాంతమువారికి వేడుకగా ఉండెడిది. ఆ విధముగా లయ ఆయనకు అక్షరములకంటె ముందే అబ్బినది.

వెంకటేశ్వరరావుగారికి పదునొకండేండ్లు వచ్చునప్పటికి తండ్రి కాలధర్మము చెందినారు. కుమారుడు సంగీతమును శాస్త్రోక్తముగా అభ్యసింపవలెనని ఆయన కడపటి కోరిక. కుటుంబభారమును మేనమామ ర్యాలి పిచ్చిరామయ్యగారు వహించినారు. తండ్రి కోరిక తీర్చుట సులభము కాలేదు. గురువుల ఇండ్ల యందు పనిపాటలు చేయుచు నేర్చుకొన యత్నించిన బాలునికి పనియే మిగిలినది గాని విద్య చాలినంత అబ్బలేదు. తుదకు చేతి ఉంగరమును అమ్మి ఆ కొద్ది పైకముతో విజయనగరమునకు పయనమైనారని చెప్పుదురు.

విజయనగర సంస్థానాధీశుల పోషణలో 1919లో నెలకొన్న సంగీత కళాశాల ఆనాటి ఆంధ్రదేశమున సంగీతవిద్యకు పెట్టని కోట. ఆదిభట్ల నారాయణదాసుగారు దానికి ప్రథమాధ్యక్షులు. 1936 నుండి వాయులీన విద్వాంసులు ద్వారం వెంకటస్వామినాయుడుగారు అధ్యక్షులు. పరిచయస్థుడొక్కడును లేని ఆ పట్టణమున బాలునికి తొలి రోజులు కష్టముగనే గడచినవి. అతని గళమును, ఆసక్తిని గుర్తించి చేరదీసినవారు గాత్రపండితులు పట్రాయని సీతారామశాస్త్రిగారు. ఆయన స్వయముగా సంపన్నులు కారు. శిష్యునికి విద్యాదానము చేయగలిగినారు గాని రెండుపూటల భోజనమునకు హామీ ఈయగల స్థితి వారికి లేదు.

అందువలన వెంకటేశ్వరరావుగారు మధుకరము ఎత్తినారు. భుజమునకు జోలె కట్టుకొని వీధివీధి తిరిగి, ఇల్లాండ్రు పెట్టిన అన్నముతో కడుపు నింపుకొని, తక్కిన కాలమంతయు సాధనకు వినియోగించినారు. విద్యార్థికి అన్నము పెట్టుట పుణ్యమని తలచు లోకము అది. అయినను అభిమానము గల యువకునకు ప్రతిదినము పరుల గడప ముందు నిలబడుట ఎంత కష్టమో అనుభవించినవారే ఎరుగుదురు. తరువాతి కాలమున కీర్తి, ధనము లభించినపుడు కూడ ఆ తల్లుల అన్నమును ఆయన మరువలేదని సన్నిహితులందరు చెప్పినారు. మదరాసులోని ఆయన ఇంట భోజనము వేళకు వచ్చినవారు ఆకలితో తిరిగి పోవుట లేదనిన ప్రఖ్యాతికి మూలము విజయనగరపు వీధులలోనే ఉన్నది.

సీతారామశాస్త్రిగారి బాణీకి ఒక విశిష్టత కలదు. రాగమును సాహిత్యముపై రుద్దక, సాహిత్యములోని భావమునకు రాగమును లొంగదీయుట వారి పద్ధతి. గురువుగారి ఈ గుణమే శిష్యుని జీవితమంతటికి మూలధనమైనది. శిక్షణ ముగించి పట్టము పొంది స్వగ్రామమునకు వచ్చిన వెంకటేశ్వరరావుగారు పెండ్లిండ్లలోను, ఉత్సవములలోను కచేరీలు చేయుచు, పిల్లలకు సంగీతము చెప్పుచు కాలము గడుపుచుండగా 1942లో క్విట్ ఇండియా ఉద్యమము వచ్చినది. ఆయన ఊరూర దేశభక్తి గీతములు పాడి ప్రబోధము చేసినారు. ఫలితముగా కారాగార శిక్ష లభించినది. బళ్ళారి దగ్గర అలీపురము క్యాంపు జైలులో సుమారు ఒకటిన్నర సంవత్సరము గడిపినారు. ఆయన కంఠమును తొలిసారి దేశము వినియోగించుకొన్నది తెరపై కాదు, వీధిసభలలో.

విడుదలయైన పిమ్మట, 1944 మార్చి 4వ తేదీన సావిత్రిగారితో వివాహము జరిగినది. తన పెండ్లికి తానే కచేరీ చేసిన వరుడుగా బంధువులు ఆయనను చిరకాలము చెప్పుకొన్నారు. గుంటూరు మండలమునకు ఆయన కృతజ్ఞుడు కావలసిన కారణము ఈ కాలముననే ఏర్పడినది. రేపల్లె ప్రాంతమున పెదపులివర్రు గ్రామము చలనచిత్ర రచయిత సముద్రాల రాఘవాచార్యులుగారి జన్మస్థలము. అచ్చట వెంకటేశ్వరరావుగారి గానము విన్న ఆచార్యులుగారు ఈ గళము మదరాసులో ఉండవలసినదని నిశ్చయించి ఆహ్వానించినారు.

మదరాసు చేరుటతోనే కష్టములు తీరలేదు. ఆచార్యులుగారి చిన్న ఇంటికి భారము కాకూడదని యువకుడు పానగల్ పార్కులో రాత్రులు పరుండినారు. కావలివానికి నెలకు కొంత పైకమిచ్చి అచ్చట తల దాచుకొన్నారని ప్రసిద్ధి. పగలు స్టూడియోల ద్వారముల చుట్టును, ఆకాశవాణి చుట్టును తిరుగుట. ఆయన కంఠములో లోహపు మెరుపు లేదని గ్రామఫోను సంస్థవారు మొదట తిరస్కరించినారు. తదుపరి అదే సంస్థలో ఉన్న పేకేటి శివరాంగారి ప్రోత్సాహముతో ప్రైవేటు గీతముల రికార్డులు వెలువడినవి. ఆకాశవాణిలో బాలాంత్రపు రజనీకాంతరావుగారి వంటివారి చేరువ లభించినది. ఘంటసాల బలరామయ్యగారి సీతారామ జననము 1944లో విడుదలైనది. అందు ఆయన బృందగానములో గొంతు కలిపి, ఒక చిన్న వేషము కూడ ధరించినారు.

మరుసటి సంవత్సరము, 1945లో, బి. ఎన్. రెడ్డిగారి స్వర్గసీమ వచ్చినది. ఆ చిత్రమున భానుమతిగారితో కలిసి పాడిన పాట ఆయనను నేపథ్య గాయకునిగా లోకమునకు పరిచయము చేసినది. భానుమతిగారు ఒంగోలు సమీపమున దొడ్డవరమున జన్మించినవారు. నేడు ప్రకాశం జిల్లాగా ఉన్న నేలకు చెందిన కళాకారిణి. ఆమె తన పాత్రలకు తానే పాడుకొన్న నటీమణి. ఆ పాటలో రెండు కాలములు కలిసి నిలిచినవి: నటులే పాడిన కాలమునకు ఆమె ప్రతినిధి, నటునికి గాయకుడు గొంతు నిచ్చు కాలమునకు ఆయన నాంది.

ఈ మార్పును కొంచెము వివరింపవలసి ఉన్నది. తొలి టాకీలలో పాటను, దృశ్యమును ఒకేసారి చిత్రించెడివారు. నటుడు కెమెరా ముందు నిలచి పాడుచుండగా, వాద్యకారులు చెట్టు చాటునో, తెర చాటునో కూర్చుండి వాయించెడివారు. అందువలన పాడలేనివానికి నాయకవేషము దుర్లభము. అందమైన నటన వచ్చినవానికి గాత్రము లేకున్న నిరాశయే. 1935లో కలకత్తాలో న్యూ థియేటర్స్ వారు పాటను ముందుగా వేరుగా ముద్రించి, తదుపరి ఆ ధ్వనికి అనుగుణముగా నటులచే పెదవులు కదలింపజేయు పద్ధతిని ప్రవేశపెట్టినారు. ఆ పద్ధతి దక్షిణమునకు పాకినది. ముద్రణశాలలో గాయకుడు పాడిన పాటను చిత్రీకరణ స్థలమున లౌడ్ స్పీకరుపై వినిపింతురు. నటుడు ఆ శ్వాసను, ఆ విరుపును తనవిగా చేసికొని నటించును.

ఈ పద్ధతిలో గాయకునిపై పడు బాధ్యత అపారము. నటుని ముఖము ఇంకను సిద్ధము కాలేదు. దృశ్యము ఇంకను కాగితముపైనే ఉన్నది. దర్శకుడు చెప్పిన సన్నివేశమును ఊహించుకొని, చీకటి గదిలో ఒక మైకు ముందు నిలచి, గాయకుడే తొలి నటుడు కావలెను. దుఃఖము, శృంగారము, పరిహాసము, భక్తి ముందుగా ఆయన గళముననే జన్మించును. అదియే తరువాత తెరపై నటుని కన్నులలో కనిపించును. తెరవెనుక పాత్రధారి అనిన పేరు నేపథ్య గాయకునకు ఈ కారణముననే తగును.

అక్కినేని నాగేశ్వరరావుగారు తొలి చిత్రములలో తమ పాటలు తామే పాడుకొన్నవారు. 1948లో బాలరాజు నాటికి ఘంటసాలవారి కంఠము ఆయనకు అండగా నిలిచినది. 1949లో వచ్చిన కీలుగుఱ్ఱము చిత్రమునకు వెంకటేశ్వరరావుగారే సంగీతము కూర్చినారు. అదే సంవత్సరము వెలువడిన మనదేశము నందమూరి తారక రామారావుగారికి ప్రథమ చిత్రము. దానికిని సంగీతము ఆయనదే. 1950లో షావుకారు, 1951లో పాతాళభైరవి, 1952లో పెళ్ళిచేసిచూడు వరుసగా వచ్చి ఆయనను సంగీత దర్శకులలో అగ్రశ్రేణిని నిలిపినవి. 1953లో దేవదాసు విడుదలైనది. దాని సంగీత దర్శకులు సి. ఆర్. సుబ్బరామన్‌గారు చిత్రము పూర్తి కాకముందే 1952లో, ముప్పదియేండ్లైన నిండకుండ మరణించినారు. ఆ చిత్రములోని శోకమునకు అక్కినేనివారి ముఖము ఎంత కారణమో ఘంటసాలవారి గళము అంత కారణము.

అక్కినేని, నందమూరి ఇరువురును భిన్న ప్రకృతులు గల నటులు. ఒకరి నటన సున్నితము, మరియొకరిది గంభీరము. ఒకే మనిషి ఇరువురికిని పాడినను, ప్రేక్షకునకు ఎవరి పాట వారిదిగనే తోచెడిది. పలుకులో బరువును కొంత హెచ్చించుట, తగ్గించుట, పదాంతమున ఊపిరిని విడుచుటలోని తేడా, ఇవియే ఆయన సాధనములు. అనుకరణ చేయకుండగనే నటుని స్వభావములోనికి ప్రవేశించుట ఆయనకు మాత్రమే సాధ్యమైన విద్యగా ఆ తరమువారు భావించినారు.

1957 మార్చిలో విడుదలైన మాయాబజార్ తెరచాటు కళాకారుల సమష్టికృషికి మచ్చుతునక. ఆ చిత్రమునకు మొదట సాలూరి రాజేశ్వరరావుగారు నాలుగు పాటలకు వరుసలు కూర్చి విరమించుకొనగా, తక్కిన పనిని ఘంటసాలవారు పూర్తి చేసినారు. ఆ వరుసలను మార్చక, పేరునకై పోరాడక, ఇరువురి చేతిపని వేరుగా కనిపించకుండ చిత్రమును నడిపించుట ఆయన సంస్కారమునకు నిదర్శనము. అదే చిత్రమున ఘటోత్కచుని వేషము ఎస్. వి. రంగారావుగారిది, ఆ పాత్ర విందుపాట పాడిన కంఠము పొన్నూరు ప్రాంతమున బ్రాహ్మణకోడూరుకు చెందిన మాధవపెద్ది సత్యంగారిది. ఆ పాటను ఎరుగని తెలుగు బాలుడు లేడు. పాడినది రంగారావుగారే అని నమ్మినవారు మాత్రము అనేకులు. సత్యంగారు అదే చిత్రమున శ్రీకృష్ణుని రథసారథి దారుకుని వేషమున తెరపై స్వయముగా కనిపించి పాడినారు. ప్రేక్షకులలో ఆయనను గుర్తించినవారు స్వల్పము. గుంటూరు మండలపు రంగస్థలము తెలుగు చిత్రమునకు ఇచ్చిన ఈ గొంతు 2000లో మూగవోయినది.

ఇట్టి విస్మృతి తెలుగునాటికే పరిమితమైనది కాదు. 1949లో మహల్ అను హిందీ చిత్రమున లతా మంగేష్కర్‌గారు పాడిన ప్రఖ్యాత గీతపు రికార్డుపై మొదట గాయని పేరు లేదు. కథలోని కామిని అను పాత్ర పేరే ముద్రించినారు. అమెరికాలో మార్నీ నిక్సన్ అను గాయని 1956లో ది కింగ్ అండ్ ఐ, 1961లో వెస్ట్ సైడ్ స్టోరీ, 1964లో మై ఫెయిర్ లేడీ చిత్రములలో ప్రసిద్ధ నటీమణులకు గొంతు నిచ్చినది. ఆ చిత్రముల పేర్లపట్టికలో ఆమె పేరు కనిపించలేదు. వీరితో పోల్చినచో తెలుగు చిత్రసీమ తన గాయకులకు తెరపై పేరు వేసినది. జనులు ఆ పేరును హృదయమున నిలుపుకొన్నారు. ఇందుకు ఘంటసాలవారి ప్రభావము కొంత కారణము. పాట ఎవరు పాడినారని అడుగు అలవాటు ఆయన వలననే సామాన్యులలో పెరిగినది.

పద్యమునకు ఆయన చేసిన సేవ ప్రత్యేకముగా పేర్కొనదగినది. రంగస్థలమున పద్యము పాడుట అనగా దీర్ఘమైన రాగాలాపన, శ్రోతల వన్స్‌మోర్ కేకలు అను స్థితి ఏర్పడి ఉండెను. రాగము పెరిగిన కొలది పద్యార్థము మరుగున పడెడిది. వెంకటేశ్వరరావుగారు ఆలాపనను కుదించి, పదములను అర్థము చెడకుండ విరిచి, సమాసములను నిండుగా పలికి, చదువురానివానికి కూడ భావము తెలియునట్లు పాడినారు. పౌరాణిక చిత్రములలో ఆయన పద్యములు విని భారత భాగవత గ్రంథములను చేతబట్టినవారు పల్లెలలో ఎందరో కలరు. గుంటూరు జిల్లా కొమ్మూరులో జన్మించి, గుంటూరు ఆంధ్ర క్రైస్తవ కళాశాలలో బోధించిన జంధ్యాల పాపయ్యశాస్త్రిగారి పుష్పవిలాపము, కుంతీకుమారి ఖండకావ్యములు ఆయన కంఠమున రికార్డులుగా వెలువడి, పుస్తకము చేరని ఇండ్లకు కూడ కవిత్వమును చేర్చినవి. ఈ విషయమున ఆయన కంఠము ఒక సంచార గ్రంథాలయము వలె పని చేసినది.

పొదిలి పరిసరముల వంటి మెట్ట ప్రాంతమున ఈ మాట అక్షరసత్యము. 1970 వరకు నెల్లూరు జిల్లాలో అంతర్భాగమై, పిదప ఒంగోలు కేంద్రముగా ఏర్పడిన జిల్లాలో చేరిన ఈ తాలూకాలో వర్షము నమ్మి సేద్యము చేయువారే అధికులు. పొగాకు, కంది, మిరప పంటల పనులు ముగించుకొని సాయంకాలము అరుగులపై చేరిన జనమునకు పాట విశ్రాంతి, పద్యము విద్య. పెండ్లి పందిళ్ళలో, తిరునాళ్ళలో మైకుసెట్టువారు వేసిన రికార్డుల ద్వారా ఆయన కంఠము సినిమా చూడనివారికి కూడ పరిచితమైనది.

ఇంతటి ప్రతిష్ఠ గల మనిషికి ఆర్థికముగా దెబ్బలు తగులక పోలేదు. 1953లో పరోపకారము, 1956లో సొంతవూరు, 1960లో భక్త రఘునాథ్ చిత్రములను సొంతముగా నిర్మించి నష్టపోయినారు. తెరవెనుక ఉన్నవాడు తెరకు పెట్టుబడిదారుడైనచో ఆ వ్యాపారపు కఠినత్వము తెలిసివచ్చును. అప్పులను గళముతోనే తీర్చినారు. 1963లో లవకుశ విడుదలైనది. ధనాభావముచే కొన్నియేండ్లు నిలిచిపోయి పూర్తియైన ఆ వర్ణచిత్రమునకు ఆయన కూర్చిన సంగీతము నేటికిని శ్రీరామనవమి పందిళ్ళలో వినవచ్చును. లవకుశుల గళములుగా పి. లీల, పి. సుశీలగారలు పాడినారు. 1967లో వచ్చిన రహస్యము ధనము తేలేదు గాని, అందలి సంగీతమును విద్వాంసులు గౌరవించినారు.

ఆయన వెనుకను తెరచాటువారు ఉన్నారు. గురువుగారి కుమారులు పట్రాయని సంగీతరావుగారు చిరకాలము ఆయన వద్ద సహాయకులుగా ఉండి హార్మోనియము వాయించినారు. తనకు విద్యాదానము చేసిన ఇంటి ఋణమును ఆ ఇంటి బిడ్డను ఆదరించి తీర్చుకొనుట ఘంటసాలవారి రీతి. ఆ ఆదరమునకు మించిన విద్వత్తు సంగీతరావుగారిది. కూచిపూడి నృత్యనాటకములకు ఆయన కూర్చిన సంగీతము శాశ్వతమైనది. ఆయన నూరేండ్లకు చేరువయై 2020లో కీర్తిశేషులైనారు. జె. వి. రాఘవులుగారు మరియొక సహాయకులు. తదుపరి స్వయముగా సంగీత దర్శకులైనారు. హిందూస్థానీ గానసమ్రాట్టు బడే గులాం అలీ ఖాన్‌గారు మదరాసు వచ్చినపుడు ఘంటసాలవారి ఇంట ఆతిథ్యము స్వీకరించినారు. ఎంత పేరు వచ్చినను శాస్త్రీయ విద్యయెడ శిష్యభావము ఆయనను విడువలేదు.

1970లో ఆయన నేపథ్య గానమునకు ఇరువదియైదు సంవత్సరములు నిండినవి. హైదరాబాదులో లాల్ బహదూర్ స్టేడియమున రజతోత్సవము వైభవముగా జరిగినది. అంతవరకు కంఠము మాత్రమే ఎరిగిన ప్రజలు ఆనాడు మనిషిని కన్నులారా చూచినారు. అదే సంవత్సరము భారత ప్రభుత్వము పద్మశ్రీ బిరుదముతో సత్కరించినది. 1971లో ఇంగ్లండు, జర్మనీ, అమెరికా దేశములలో పర్యటించి ప్రవాసాంధ్రులకు గానము వినిపించినారు.

కాని శరీరము అలసిపోయినది. మధుమేహము, హృద్రోగము ఆయనను కృశింపజేసినవి. 1972లో కచేరీ సమయమున గుండెనొప్పి వచ్చి ఆసుపత్రి పాలైనారు. జీవితమంతయు ఇతరుల ముఖములకు గొంతు నిచ్చిన గాయకుడు, ఏ నటునికిని చెందని పాట ఒకటి పాడవలెనని సంకల్పించుకొన్నారు. అదియే భగవద్గీత. ఎంచిన శ్లోకములను పాడి, తెలుగు తాత్పర్యమును కూడ తమ గొంతుతోనే పలికి ముద్రింపజేసినారు. ఆ రికార్డులు ప్రజల చేతికి అందునప్పటికి ఆయన లేరు. 1974 ఫిబ్రవరి 11వ తేదీన మదరాసులో, ఏబదిరెండవ యేట, పరమపదించినారు. గీత రికార్డులు ఆ యేడే వెలువడినవి.

నాటి నుండి నేటి వరకు తెలుగుపల్లెలో ఎవరింట మరణము సంభవించినను ఆ గీతయే వినిపించుచున్నది. కడపటి యాత్రకు ముందు ఇంటిముంగిట ఆ గళము వినబడగానే వీధిలో పోవువాడు ఆగి చెప్పులు విడుచును. పాడిన మనిషిని తలచు తీరిక దుఃఖములో ఉన్నవారికి ఉండదు. అయినను వారిని ఓదార్చువాడు ఆయనే. 2003 ఫిబ్రవరి 11న తపాలాశాఖ ఆయన స్మారకముగా బిళ్ళ విడుదల చేసినది. విజయవాడలోని ప్రభుత్వ సంగీత నృత్య కళాశాల ఆయన పేర నడచుచున్నది.

తాను కనిపించకయే ఇతరుల కీర్తిని వెలిగించుట ఉత్తమ సేవ. వాద్యకారులు, నాట్యాచార్యులు, పదునైన చెవి గల శబ్దగ్రాహకులు, బృందగానమున ఒక్క గొంతుగా కలిసిపోయిన పేరు లేని గాయనీగాయకులు ఎందరో ఆ సేవ చేసి కాలగర్భమున కలిసినారు. వారందరి పక్షమున ఒక్క పేరు నిలిచినది. జోలె పట్టి అన్నము తెచ్చుకొన్న బాలుడు తుదకు ఒక జాతి అంతటికి అక్షయమైన విందు పెట్టి వెళ్ళినాడు. అన్నము పెట్టిన విజయనగరపు తల్లుల పేర్లు ఏ గ్రంథమునను లేవు. ఘంటసాలవారి పాట వినబడు ప్రతి ఇంటను ఆ తల్లుల పుణ్యము కూడ వినబడుచున్నదని గ్రహించుట ఆయనకు తగిన నివాళి.